ఆసుపత్రి గేటు ముందు సమ్మె శిబిరం: పోలీసు బందోబస్తు ఎలా అడగాలి?

పెన్నాతీరం: అందరికీ నమస్కారం. నెల్లూరు పొగతోటలో ఒక ప్రైవేటు ఆసుపత్రి నిర్వహణ వ్యవహారాలు చూస్తుంటాను. సిబ్బంది నాలుగు రోజులుగా గేటు ముందు షామియానా వేసుకొని కూర్చున్నారు. ఈ ఉదయం ఆక్సిజన్ లారీ సందు మలుపులోనే ఆగిపోతే, అంబులెన్సు డ్రైవరూ నేనూ కలిసి ఆరు పెద్ద సిలిండర్లను ఒక్కొక్కటిగా అంచు మీద దొర్లించుకుంటూ లోపలికి తెచ్చుకోవలసి వచ్చింది. స్టేషనుకు మూడుసార్లు తిరిగాను. "ఇది లేబర్ గొడవ, కోర్టు ఆర్డరు తెచ్చుకోండి" అంటున్నారు. ఆసుపత్రికి రక్షణ ఇవ్వాలన్నా కోర్టే చెప్పాలా? ఏ చట్టం కింద అడగాలో దయచేసి తెలుపగలరు.

కోర్టుపక్షి: షామియానా మీ ఆవరణలో ఉందా, రోడ్డు మీద ఉందా? సమ్మె నోటీసు ఇచ్చారా, లేదా? ఇవి చెప్పకుండా ఎవరూ జవాబివ్వలేరు.

విశ్రాంత శానిటరీ: బందోబస్తు సంగతి అలా ఉంచండి. పారిశుద్ధ్య సిబ్బంది కూడా సమ్మెలో ఉంటే రక్తపు దూది, కట్లు వంటి వ్యర్థాలు వేసే మీ పసుపు సంచులు ఎక్కడున్నాయి? 2016 నాటి జీవ వైద్య వ్యర్థాల నిబంధనల ప్రకారం, శుద్ధి చేయని అటువంటి వ్యర్థాలను 48 గంటలకు మించి నిల్వ ఉంచరాదు. ముప్పై ఏళ్లు ఈ పనిలోనే ఉన్నాను కనుక చెబుతున్నాను, ముందుగా ఆ సంచులుంచే గది తాళం తీసి చూడండి.

ఒంగోలు గిత్త: మన రాష్ట్రంలో 2008 నాటి వైద్య సేవా సంస్థల చట్టం ఉంది కదా! దాడి చేసిన వారికి మూడేళ్ల వరకు జైలు, యాభై వేల రూపాయల వరకు జరిమానా, పైగా బెయిలు లేని కేసు. దాని కింద ఫిర్యాదు ఇచ్చేయండి.

కోర్టుపక్షి: అది హింసకూ ఆస్తి నష్టానికీ సంబంధించిన చట్టం. నినాదాలకు వర్తించదు.

పెన్నాతీరం: దాడి ఏమీ జరగలేదు. షామియానా రోడ్డు మీదే ఉంది, కానీ గేటుకు అడ్డంగా ఉంది. నోటీసు మాకు రాలేదు. వాళ్లు కాంట్రాక్టు ఏజెన్సీ మనుషులు. ఏజెన్సీ రెండు నెలలుగా జీతాలు వేయలేదట.

ఎర్రకండువా: అసలు సంగతి ఇప్పటికి బయటపడింది. గుత్తేదారు జీతం ఎగ్గొడితే చెల్లించవలసింది అసలు యజమానే, అంటే మీ ఆసుపత్రే అని 1970 నాటి కాంట్రాక్టు కార్మికుల చట్టమే చెబుతోంది. మీరు అడుగుతున్నది రక్షణ కాదు, సమ్మెను విరగ్గొట్టడానికి పోలీసుల లాఠీ.

కోర్టుపక్షి: ఆ చట్టాన్ని ఇప్పుడు ఉదహరించకండి. 2025 నవంబరు 21 నుంచి అలాంటి పాత చట్టాల స్థానంలో కార్మిక కోడ్‌లు అమలులోకి వచ్చాయి. ఇంతకుముందు ముందస్తు నోటీసు నిబంధన ప్రజోపయోగ సేవలకే ఉండేది. ఇప్పుడు ఏ పారిశ్రామిక సంస్థలోనైనా నోటీసు ఇచ్చి 14 రోజులు ఆగాలి.

ఎర్రకండువా: కోడ్ వచ్చినా అసలు యజమాని బాధ్యత ఎక్కడికీ పోలేదు.

పాత ఖాకీ: మీరిద్దరూ తర్వాత తేల్చుకోండి. పెన్నాతీరం గారూ, "రక్షణ కావాలి" అని రాస్తే ఏ ఎస్సై అయినా లేబర్ గొడవ అనే అంటాడు. రోగుల దారినీ ఆక్సిజన్ లారీనీ ఫలానా తేదీన, ఫలానా గంటకు అడ్డగించారని రాసివ్వండి. అక్రమంగా దారి అడ్డగించడం భారతీయ న్యాయ సంహిత 126వ సెక్షన్ కింద నేరం, దానికి కోర్టు ఆర్డరుతో పని లేదు. డీఎస్పీకి, ఎస్పీకి కూడా ప్రతులిచ్చి రశీదు తీసుకోండి. అప్పటికీ కదలకపోతే ఆ రశీదులతోనే హైకోర్టులో రిట్ (పోలీసులు తమ విధి నిర్వర్తించేలా ఆదేశించమనే పిటిషన్) వేయవచ్చు. అయితే శిబిరాన్ని పూర్తిగా ఎత్తివేయించమని కోరకండి. శాంతియుత నిరసనను అలా ఉండనిచ్చి, రాకపోకలకు అడ్డు లేకుండా చూడమనే ఆదేశాలే సాధారణంగా వస్తాయి.

ఒంగోలు గిత్త: ఎస్మా (అత్యవసర సేవల్లో సమ్మెలను నిషేధించే చట్టం) పెట్టించకూడదా?

పాత ఖాకీ: అది ప్రభుత్వం ప్రయోగించేది, మీరూ నేనూ పెట్టించేది కాదు.

పెన్నాతీరం: అర్జీ ఇచ్చి రశీదు తీసుకున్నాను. సాయంత్రానికి ఇద్దరు కానిస్టేబుళ్లు వచ్చారు, శిబిరం వాళ్లే వారికి టీ ఇచ్చి, షామియానాను రోడ్డుకు అవతలి వైపు జరుపుకున్నారు. జీతాల విషయం ఏజెన్సీతో మాట్లాడుతున్నాము. అందరికీ ధన్యవాదాలు.

విశ్రాంత శానిటరీ: పసుపు సంచుల గురించి ఇంకా చెప్పనే లేదు.