యుద్ధ విమానాల కథల్లో నిజమెంత? విద్యార్థులకు ఏవి చూపాలి, ఏవి చదివించాలి?

ప్రశ్న: దేవరకొండ అధ్యాపకుడు

మిత్రులందరికీ నమస్కారం. నేను దేవరకొండ ప్రాంతంలోని ఒక జూనియర్ కళాశాలలో చరిత్ర బోధిస్తున్నాను. 2024లో వచ్చిన 'ఆపరేషన్ వాలెంటైన్' మొదలుకొని 2025లో వచ్చిన 'స్కై ఫోర్స్' వరకు గగనతల యుద్ధాల సినిమాలన్నింటినీ మా విద్యార్థులు వరుసగా చూశారు. ప్రతి సినిమా తర్వాత వాళ్లు నన్ను అడిగేది ఒక్కటే: "సార్, ఇది నిజంగానే జరిగిందా?" దుండిగల్‌లోని వాయుసేన అకాడమీలో చేరాలని ఆశపడుతున్న పిల్లలు కూడా తరగతిలో ఉన్నారు కాబట్టి, ఏదో ఒక మాట చెప్పి దాటవేయడం నాకు ఇష్టం లేదు.

రెండు విమానాలు ఒకదాని వెనక ఒకటి పడి తిరిగే దృశ్యాలకు ఈ సినిమాల్లో కొదవ లేదు. ఒక విమానం బయలుదేరడానికి ఎందరు పనిచేస్తారు, అది తిరిగి రాకపోతే ఏం జరిగిందో ఎవరు తేలుస్తారు అన్న సంగతులు మాత్రం అంతగా కనిపించవు. అటువంటి సంగతులను పట్టించుకున్న పుస్తకాలు, సినిమాలు, టీవీ ధారావాహికలు మీ దృష్టిలో ఉంటే చెప్పండి. మన ఉమ్మడి నల్లగొండ, పాలమూరు జిల్లాలకు సంబంధించిన కథ ఏదైనా ఉంటే మరీ సంతోషం.

జవాబు 1: వాయుసేన విశ్రాంత ఉద్యోగి, నాగర్‌కర్నూల్

సార్, మీ విద్యార్థులు 'స్కై ఫోర్స్' చూశారు కాబట్టి అక్కడి నుంచే మొదలుపెట్టండి. అందులో పేర్లు మార్చారు కానీ, దానికి ఆధారమైన మనిషి స్క్వాడ్రన్ లీడర్ అజ్జమాడ దేవయ్య. 1965 భారత్-పాకిస్తాన్ యుద్ధంలో, సెప్టెంబర్ 7న, పంజాబ్‌లోని ఆదంపూర్ నుంచి పాకిస్తాన్‌లోని సర్గోధా స్థావరం మీద దాడికి మన మిస్టేర్ విమానాలు వెళ్లాయి. ఆయన విమానం తిరిగి రాలేదు. ఆయన ఏమయ్యారో మనవైపు చాలా ఏళ్లు ఎవరికీ తెలియలేదు.

జాన్ ఫ్రికర్ అనే బ్రిటిష్ రచయిత ఆ యుద్ధాన్ని పాకిస్తాన్ వాయుసేన పక్షం నుంచి చెబుతూ 1979లో ఒక పుస్తకం వెలువరించారు. ధ్వనికి రెట్టింపు వేగంతో పోగల పాకిస్తాన్ యుద్ధ విమానం స్టార్‌ఫైటర్‌ను, అంతకంటే ఎంతో నెమ్మదైన ఒక మిస్టేర్ కూల్చివేసిందన్న సంగతి దాని ద్వారానే బయటికి వచ్చింది. ఆ దాడికి నాయకత్వం వహించిన ఓ.పి. తనేజా ఆ మిస్టేర్ ఎవరిదో తేల్చి, దేవయ్యకు గుర్తింపు రావాలని పట్టుబట్టారు. చివరికి 1988లో, అంటే ఇరవై మూడేళ్ల తర్వాత, దేవయ్యకు మరణానంతరం మహావీరచక్ర ప్రకటించారు. మన వీరుడి కథ ఎదుటి పక్షం కథనంలోంచి బయటపడిందన్న ఈ విషయాన్ని విద్యార్థులకు తప్పకుండా చెప్పండి. చరిత్ర ఎలా తేలుతుందో చూపడానికి ఇంతకంటే మంచి పాఠం నాకు తెలియదు. ఈ యుద్ధం మీద పి.వి.ఎస్. జగన్‌మోహన్, సమీర్ చోప్రా కలిసి రాసి 2005లో ప్రచురించిన ఇంగ్లిష్ పుస్తకం మీ గ్రంథాలయంలో ఉండాలి. రెండు పక్షాలు చెప్పుకున్న లెక్కలను పక్కపక్కన పెట్టి చూసిన గ్రంథం అది.

సినిమాలు వదిలేసేది మా వంటి నేల మీది సిబ్బందిని. బాంబులకు, చక్రాలకు ప్రమాదవశాత్తు కదలకుండా పెట్టిన పిన్నులను బయలుదేరే ముందు మేము తీస్తాం. వాటికి వేలాడే ఎర్ర పట్టీలు స్పష్టంగా కనిపించేలా చేయి ఎత్తి పైలట్‌కు చూపిస్తాం. ఆయన ఒక్కొక్కటిగా చూసుకుని తల ఊపిన తర్వాతే విమానం కదులుతుంది. ఆ విమానం తిరిగి రాకపోతే ఆ పిన్నులు మా దగ్గరే ఉండిపోతాయి. ఈ దృశ్యాన్ని ఒక్క నిమిషమైనా నిలిపి చూపిన మన సినిమా ఇంతవరకు నాకు కనిపించలేదు.

జవాబు 2: పాలమూరు పాఠకురాలు

పై జవాబు రాసిన పెద్దవారికి నమస్కారం. సాంకేతిక వివరాలన్నీ సరిగ్గా ఉండటమే గీటురాయి అయితే చాలా మంచి కథలను మనం పక్కన పెట్టవలసి వస్తుంది. ఒక్క విమానాన్ని ఎగరవేయడానికి ఎందరు ఏమేమి కోల్పోయారో ఆ కథ గుర్తించిందా అన్నదే నేను చూస్తాను.

1971 యుద్ధంలో పాకిస్తాన్ బాంబుల వల్ల గుజరాత్‌లోని భుజ్ రన్‌వే దెబ్బతిన్నప్పుడు, పక్కనున్న మాధాపర్ గ్రామం నుంచి సుమారు 300 మంది స్త్రీలు వచ్చి 72 గంటల్లో దానిని బాగుచేశారు. ఆకాశం నుంచి కనిపించకుండా ఆకుపచ్చ చీరలు కట్టుకున్నారు, సైరన్ మోగినప్పుడల్లా పొదల్లోకి పరుగెత్తారు, మళ్లీ వచ్చి పని అందుకున్నారు. 2021లో దీని మీద సినిమా వచ్చింది కానీ, కథానాయకుడి పోరాటాలకు దక్కిన చోటులో పావు వంతు కూడా ఆ స్త్రీలకు దక్కలేదన్నది నా బాధ. ఇసుక, సిమెంటు తట్టలు మోసిన చేతుల మీద మొత్తం సినిమా తీయవచ్చు. వలస పనుల్లో తట్టలు మోసిన తల్లుల పిల్లలు మన పాలమూరు తరగతుల్లో ఎందరో ఉన్నారు. వాళ్లకు ఈ కథ చెప్పి చూడండి సార్.

'బార్డర్' సినిమాలో ఒక సంగతి నిజమే. అదే 1971 యుద్ధంలో రాజస్థాన్ సరిహద్దులోని లోంగేవాలాలో రాత్రంతా మన సైనికులు ఒంటరిగా నిలబడవలసి రావడానికి కారణం, జైసల్మేర్‌లోని హంటర్ విమానాలకు రాత్రిపూట దాడి చేసే సాధనాలు లేకపోవడం. తెల్లవారాకే అవి రాగలిగాయి. అప్పుడు చిన్న కృషక్ విమానంలో తిరుగుతూ వాటికి పాకిస్తాన్ ట్యాంకుల జాడ చూపిన మేజర్ ఆత్మాసింగ్ పేరు కూడా విద్యార్థులకు తెలియాలి.

విదేశీ ధారావాహికల్లో 2024 నాటి 'మాస్టర్స్ ఆఫ్ ది ఎయిర్' పెద్ద తరగతులకు తగినది. రెండో ప్రపంచ యుద్ధంలో జర్మనీ మీద బాంబులు వేయడానికి వెళ్లిన అమెరికన్ విమానంలో పదిమంది సిబ్బంది, చేతివేళ్లు గడ్డకట్టే చలి, ఇల్లు చేరాలంటే ఇరవై ఐదు దాడులు పూర్తిచేయాలన్న నియమం: వీటన్నింటినీ అది ఓపికగా చూపింది.

జవాబు 3: సూర్యాపేట వాసి

మన జిల్లా కథ అడిగారు కదా. 1948 సెప్టెంబర్ 13న మొదలైన పోలీసు చర్యలో భారత సైన్యం ఒక దండు విజయవాడ దారిన హైదరాబాద్ వైపు వచ్చింది. సూర్యాపేటకు కొద్ది కిలోమీటర్ల దూరంలో గుట్టల మీద నుంచి నిజాం సైన్యం ఎదురు కాల్పులు జరిపింది. అక్కడ భారత సైన్యంలోని గూర్ఖా దళం పోరాడింది. సూర్యాపేటలోని నిజాం రక్షణ స్థానాల మీద భారత విమానాలు దాడి చేశాయి. వెనుదిరిగిన నిజాం బలగాలు మూసీ వంతెనను పేల్చివేశాయి కానీ, దానికి కాపలాగా ఎవరూ లేకపోవడంతో భారత సైన్యం త్వరగానే మరమ్మతు చేసుకుని ముందుకు సాగింది. ఈ ఘట్టాన్ని గగనతల యుద్ధంగా చూపిన సినిమా నాకు తెలిసి ఒక్కటీ లేదు. సాయుధ పోరాటం మీద మనకు ఎన్నో రచనలున్నా, ఆకాశం వైపు చూసినవి తక్కువ.

అదే ఏడాది సిడ్నీ కాటన్ అనే ఆస్ట్రేలియా వైమానికుడు లాంకాస్ట్రియన్ విమానాల్లో కరాచీ నుంచి రాత్రివేళ బీదర్, వరంగల్ స్థావరాలకు నిజాం కోసం ఆయుధాలు చేరవేశాడు. ఇది ఒక ధారావాహికకు సరిపడే కథ. ఇంకా వెనక్కి వెళితే, బ్రిటిష్ వాయుసేనలోని 110, 152, 253 దళాల పేర్లలో హైదరాబాద్ ఉండేది. 152వ దళం చిహ్నంలో నిజాం తలపాగా ఉండేది, బ్రిటన్ గగనతల యుద్ధంలో ఆ దళం స్పిట్‌ఫైర్లతో పోరాడింది. నిజాం ఇచ్చిన విరాళాల వెనక మన రైతులు కట్టిన శిస్తు ఉందన్న మాట ఆ కథలో చేరితేనే అది పూర్తవుతుంది.

దేవరకొండ అధ్యాపకుడు: ముగ్గురికీ కృతజ్ఞతలు. సూర్యాపేట ఘట్టాన్ని పెద్దవాళ్ల నోట రికార్డు చేయించాలనుకుంటున్నాను. అప్పటికి పదేళ్ల పిల్లలైనవాళ్లు ఇప్పుడు తొంభైకి దగ్గర పడ్డారు, ఆలస్యం చేయలేను.

విశ్రాంత ఉద్యోగి, నాగర్‌కర్నూల్: చాలా మంచి ఆలోచన సార్. విమానాలు ఏ దిక్కు నుంచి వచ్చాయి, ఎంత కిందికి దిగాయి, బాంబులు వేశాయా లేక తుపాకులతో కాల్చాయా అని విడివిడిగా అడిగించండి. తాము చూసింది ఏది, తర్వాత ఇతరులు చెప్పగా విన్నది ఏది అన్నది కూడా అప్పుడే రాయించండి.