గుర్రం పేరు పాటలో నిలిచింది, జాకీ పేరు ఎక్కడికి పోయింది?

పడమటిగాలి:

డిసెంబరు వస్తే ఎక్కడ చూసినా వినిపించే 'హ్యాపీ క్రిస్మస్, వార్ ఈజ్ ఓవర్' పాట మీలో చాలామందికి తెలుసు. వియత్నాం యుద్ధానికి వ్యతిరేకంగా జాన్ లెనన్, యోకో ఓనో 1971లో చేశారు. దాని వరసకు బాగా దగ్గరగా ఉండే పాత పాట ఒకటుంది, 'స్ట్యూబాల్'. అది ఒక పందెపు గుర్రం పాట. ఆ గుర్రం కల్పన కాదు. అసలు పేరు స్క్యూబాల్. 1741లో ఇంగ్లండులో పుట్టింది. 1752లో ఐర్లండులో కిల్డేర్ దగ్గరున్న కర్రా మైదానంలో సర్ రాల్ఫ్ గోర్ అనే పెద్దమనిషి ఆడగుర్రాన్ని ఓడించింది. పాటలో అది తన మీద కూర్చున్నవాడితో మాట్లాడుతుంది కూడా. ఆ కూర్చున్నవాడెవరో మాత్రం పాట చెప్పదు.

రెండో పాట 'మాలీ అండ్ టెన్‌బ్రూక్స్'. అమెరికా గ్రామీణ సంగీతకారుడు బిల్ మన్రో 1947లో రికార్డు చేశాడు. 1954లో ఎల్విస్ ప్రెస్లీ తన మొదటి రికార్డుకు రెండో వైపు పాడింది ఈ మన్రో పాటల్లో ఒకదాన్నే, కాబట్టి రాక్ వంశవృక్షంలో ఆయనకు చోటుంది. పాట వెనక ఉన్నది 1878 జులై 4న అమెరికాలో, కెంటకీ రాష్ట్రంలోని లూయీవిల్‌లో జరిగిన పందెం. టెన్ బ్రోక్ అనే కెంటకీ గుర్రం, మాలీ మెకార్టీ అనే కాలిఫోర్నియా ఆడగుర్రం. టెన్ బ్రోక్‌ను గెలిపించింది బిల్లీ వాకర్ అనే నల్లజాతి కుర్రాడు. పాటలో ఆ జాకీ పేరు 'కైపర్'. వాకర్ ఎక్కడా లేడు.

నా వాదన ఇది. జనం నోట పాట అరిగిపోవడం వేరు, ఒక మనిషిని పాటలోంచి తీసేయడం వేరు. ఈ రెండో పాటలో జరిగింది రెండోదే. ఇప్పుడు పాడేవాళ్ళు 'కైపర్' తీసేసి 'వాకర్' అని పాడాలి. మీరేమంటారు?

రికార్డుల రమణ:

పడమటిగాలి గారూ, ముందు వరస సంగతి తేల్చుకుందాం, లేకపోతే చర్చ పక్కదారి పడుతుంది.

'స్ట్యూబాల్' ఒక పాట కాదు, ఒకే పేరున్న రెండు పాటలు. ఒకటి అమెరికా దక్షిణాది జైళ్ళలో నల్లజాతి ఖైదీలు గొడ్డళ్ళు, పారలు వేస్తూ ఆ దెబ్బకు తగ్గట్టు పాడుకున్నది. ఒకరు అందుకుంటే మిగతావాళ్ళు వంత పాడతారు. నల్లజాతి గాయకుడు లెడ్‌బెల్లీ 1940లో గోల్డెన్ గేట్ క్వార్టెట్ బృందంతో రికార్డు చేసింది ఈ రకం. 1956లో లానీ డానెగన్ అనే గాయకుడు ఇంగ్లండులో పాడిందీ ఇదే కోవ. లెనన్ తరం కుర్రాళ్ళు గిటారు పట్టింది డానెగన్‌ను చూసే.

రెండోది మూడు దెబ్బల తాళంలో ఊయలలా నెమ్మదిగా నడుస్తుంది. గ్రీన్‌బ్రయర్ బాయ్స్ అనే న్యూయార్క్ బృందం దీన్ని తీర్చిదిద్దింది. 1963లో పీటర్, పాల్ అండ్ మేరీ, ఆ తర్వాత జోన్ బయెజ్ పాడారు. లెనన్ పాటకు పోలిక ఉన్నది దీనితోనే. అంటే పద్దెనిమిదో శతాబ్దపు వరస లెనన్ దాకా వచ్చిందనుకుంటే పొరపాటు. వచ్చింది గుర్రం పేరే. వరస దాదాపు లెనన్ కాలానిదే.

ఇక మీ ప్రశ్న. పేరు మార్చి పాడటానికి నేను ఒప్పుకోను. 'కైపర్' తప్పే కావచ్చు. కానీ ఆ తప్పు కూడా పాట చరిత్రలో భాగం. ఎవరు ఎప్పుడు ఎలా మరిచిపోయారో చెప్పే ఆధారం అది. ఈరోజు మనం సరిదిద్దితే రేపటివాళ్ళకు ఆ మరుపు కనిపించకుండా పోతుంది.

ఏలూరు శేషు:

రమణ గారి మాటే నాదీ, ఇంకో కారణంతో. పందెంలో పరుగెత్తేది గుర్రం. జనం చూడటానికి వచ్చింది గుర్రాన్ని. పాట కట్టింది గుర్రం మీద. జాకీ పేరు లేకపోవడం కుట్ర ఎలా అవుతుంది? కర్రా పందెంలో జాకీ తెల్లవాడే అయ్యుంటాడు కదా, అతని పేరూ లేదు. అక్కడ లేని వివక్షను కెంటకీలో మాత్రం ఎందుకు వెతుకుతున్నారు?

పైగా ఆ పాట నిజం చెప్పే పాటే కాదు. చివర్లో మాలీని పాతిపెడతారు. నిజంగా ఆ గుర్రం ఆరోజు చావలేదు. బతికున్న గుర్రాన్నే చంపేసిన పాట జాకీ పేరు తప్పు చెప్పడంలో వింతేముంది?

మలక్‌పేట మురళి:

శేషు అన్నా, "పరుగెత్తేది గుర్రం" అనే మాట రేసుకోర్సు గేటు బయట నిలబడి చెప్పేది. ఆరో నిజాం కాలంలో, 1886లో, పందేలు మౌలాలీ నుంచి మా మలక్‌పేటకు వచ్చాయి. ఇక్కడ రేస్ బుక్ చేతిలోకి రాగానే గుర్రం పేరు పక్కన జాకీ ఎవరా అని చూడని మనిషిని నేను చూడలేదు. మంచి గుర్రం మీద కొత్త కుర్రాడు కూర్చున్నాడంటే ఫేవరెట్ కాస్తా ఫేవరెట్ కాకుండా పోతుంది. 1996లో లక్ష్మణన్ కేసులో సుప్రీంకోర్టు గుర్రప్పందెం ప్రధానంగా నైపుణ్యపు ఆట అని తేల్చినప్పుడు కూడా, గుర్రం పెంపకం, శిక్షణతో పాటు జాకీ నైపుణ్యాన్ని లెక్కలోకి తీసుకుంది.

అసలు ఆ బతుకేంటో చెప్పనివ్వండి. లూయీవిల్‌లో ఏటా జరిగే పెద్ద పందెం కెంటకీ డెర్బీలో మగ గుర్రం మోయాల్సిన బరువు 126 పౌండ్లు, అంటే 57 కిలోలు. అందులో జీను బరువు కూడా కలిసే ఉంటుంది. అంటే మనిషి ఇంకా తక్కువ ఉండాలి. ఒకటి రెండు రోజులు కాదు, ఉద్యోగం ఉన్నన్నాళ్ళూ. ఆవిరి గదుల్లో చెమట కక్కడం, మంచినీళ్ళు కూడా గుక్కలు లెక్కపెట్టి తాగడం, భోజనం బల్ల దగ్గర కూర్చుని తినకుండా లేవడం. ఆ ఒంటితో అర టన్ను జంతువును గంటకు అరవై కిలోమీటర్ల వేగంలో, చుట్టూ పది గుర్రాల మధ్య నడపాలి. వెనకాలే అంబులెన్సు పరుగెత్తుతూ ఉంటుంది.

ఇంగ్లండులో ఫ్రెడ్ ఆర్చర్ అని ఒకాయన. 1874 నుంచి వరసగా 13 ఏళ్ళు ఛాంపియన్ జాకీ, 2,748 గెలుపులు. ఐదడుగుల ఎనిమిది అంగుళాల పైన ఉండే మనిషి, విరేచనాల మందు తాగుతూ బరువు దించేవాడు. 1886లో ఒక పెద్ద పందెం కోసం ఒంటిని పిండేసుకున్నాడు. ఆ వెంటనే జ్వరం పట్టుకుంది. రెండేళ్ళ ముందు పోయిన భార్య దిగులు ఎలాగూ ఉంది. ఆ జ్వరపు కలవరంలో ప్రాణం తీసుకున్నాడు. 29 ఏళ్ళు. గుర్రం ఒక్కటే గెలిచే ఆటైతే ఆయన అంత పస్తుండటం దేనికి?

లూయీవిల్ లలిత:

నేను చాలా ఏళ్ళుగా ఈ ఊళ్ళోనే ఉంటున్నాను. ఇక్కడ ఒక చిన్న పాటల బృందంలో బాంజో వాయిస్తాను. 'మాలీ' మేమూ పాడతాం. అందుకే ఊరుకోలేక రాస్తున్నాను.

1878 పందెం గురించి మాట్లాడేటప్పుడు ఆ పందెం ఎలాంటిదో చూడాలి. నాలుగేసి మైళ్ళ హీట్లు, అంటే ఒకే పందెంలో విడివిడి పరుగులు. రెండు హీట్లు గెలిచినవాళ్ళది పందెం. ముందురోజు వానకు ట్రాక్ బురద. టెన్ బ్రోక్ అంతకు రెండేళ్ళ ముందు నాలుగు మైళ్ళను 7 నిమిషాల 15 సెకన్ల పైచిలుకులో పరుగెత్తి రికార్డు పెట్టిన గుర్రం. ఆరోజు 8 నిమిషాల 19 సెకన్లు దాటింది. అంటే ఒక నిమిషం పైన ఎక్కువ. గుర్రం ఒంట్లో సరిగా లేదు. అలాంటి గుర్రాన్ని, ఆ బురదలో, ఎక్కడ ఆపాలో ఎక్కడ వదలాలో చూసుకుంటూ నడిపాడు వాకర్. మాలీ ఎంత వెనకబడిందంటే రెండో హీట్ అవసరమే రాలేదు.

ఇంకొకటి. పందేనికి ముందు, గుర్రాన్ని కావాలని ఓడిస్తే ప్రాణాలతో బయటికి పోవని రేసుకోర్సు అధ్యక్షుడు లూయిస్ క్లార్క్ వాకర్‌ను జనం ముందే బెదిరించాడని ఇక్కడి పందేల చరిత్ర రాసినవాళ్ళు చెబుతారు. వాకర్ 1860లో బానిసగా పుట్టినవాడు. అంతకు ముందు ఏడాదే, 1877లో, బేడెన్ బేడెన్ అనే గుర్రం మీద కెంటకీ డెర్బీ గెలిచాడు. అలాంటివాడికి దక్కిన మర్యాద అది.

శేషు గారు వివక్ష ఎక్కడుందని అడిగారు. 1875లో మొదటి డెర్బీలో 15 మంది జాకీల్లో 13 మంది నల్లజాతివాళ్ళు. గెలిచిన ఆలివర్ లూయిస్ వాళ్ళలో ఒకడు. మొదటి 28 డెర్బీల్లో 15 వాళ్ళవే. ఐజాక్ మర్ఫీ ఒక్కడే మూడు గెలిచాడు, 1884, 1890, 1891లో. చలికాలంలో పెరిగిన బరువును ఏటా దించుకుని దించుకుని, 1896లో నలభై కూడా రాకుండానే న్యుమోనియాతో పోయాడు. 1902 తర్వాత డెర్బీ గెలిచిన నల్లజాతి జాకీ లేడు. 1921 తర్వాత 2000 వరకు అసలు డెర్బీలో గుర్రమెక్కినవాడే లేడు. పరుగులో తెల్ల జాకీలు వాళ్ళను కంచెకు నొక్కేశారు, యజమానులు గుర్రాలివ్వడం మానేశారు. ఇదంతా దానంతటదే జరిగిందా?

వాకర్ 1933లో ఇక్కడే పోయాడు. సమాధి మీద పేరున్న రాయి పెట్టింది 1996లో.

ఏలూరు శేషు:

లలిత గారూ, మీరు చెప్పినవాటిలో ఒక్కదాన్ని కూడా నేను కాదనను. సమాధి మాట చదివాక చాలాసేపు మనసు బాగోలేదు. అయినా నా ప్రశ్న అలాగే ఉంది. ట్రాక్ మీద జరిగిన అన్యాయానికి సాక్ష్యాలున్నాయి. పాటలో జరిగిందానికి సాక్ష్యమేది? ఆ పాట మన్రో చేతికి రాకముందు నల్లజాతి గాయకులు కూడా పాడినదే. వాళ్ళే వాకర్‌ను కావాలని తీసేశారంటారా?

పడమటిగాలి:

శేషు గారూ, మంచి ప్రశ్న. కావాలని ఎవరో కూర్చుని కొట్టేశారని నేననను. ఏ పేర్లు నిలబడ్డాయో చూడండి, అక్కడే జవాబుంది. స్క్యూబాల్ పాత అచ్చు ప్రతుల్లో గుర్రాల యజమానుల పేర్లున్నాయి. సర్ రాల్ఫ్ గోర్ ఉన్నాడు. జాకీ లేడు. కెంటకీ పాటలో ఉన్న 'కైపర్' కూడా టెన్ బ్రోక్ యజమాని హార్పర్ పేరు అరిగి తయారైందేమోనని నాకు అనిపిస్తుంది. మన దేశింగురాజు కథలో గుర్రమెక్కినవాడి పేరే కథకు పేరైంది. ఎందుకు? అతను రాజు, గుర్రం అతనిదే. కూలికి ఎక్కినవాడికి ఆ భాగ్యం లేదు, ఐర్లండులోనైనా అమెరికాలోనైనా.

తేడా ఆ తర్వాత వచ్చింది. కర్రాలో జాకీ పేరు పాట మరిచినా, అతని కొడుకో మనవడో అదే మైదానంలో గుర్రమెక్కాలంటే ఒంటి రంగు అడ్డు కాదు. కెంటకీలో పాటా మరిచింది, ట్రాకూ గెంటేసింది. 1920, 30లలో పుట్టిన పిల్లలకు ఆ గెలుపు నల్లవాడిదని చెప్పే దారి ఒక్కటీ మిగల్లేదు. మరుపు చిన్నదే కావచ్చు, అది పడిన చోటు చిన్నది కాదు.

మలక్‌పేట మురళి:

జిమ్మీ వింక్‌ఫీల్డ్ సంగతి ఎవరూ ఎత్తలేదు. 1901, 1902 డెర్బీలు రెండూ ఆయనవి. అమెరికాలో గుర్రాలు దొరక్క రష్యా వెళ్ళి అక్కడ పెద్ద జాకీ అయ్యాడు. 1919లో అంతర్యుద్ధం ముంచుకొస్తే ఒడెస్సా నుంచి రెండొందల పైచిలుకు గుర్రాలను తోలుకుంటూ పోలండు దాకా చేరిన గుంపులో ఉన్నాడు. తర్వాత ఫ్రాన్సులో స్థిరపడ్డాడు. 1961లో డెర్బీ విందుకు పిలిస్తే లూయీవిల్ వచ్చాడు. అప్పటికి దాదాపు ఎనభై ఏళ్ళు. హోటల్ తలుపు దగ్గర ఆపేశారు, ఆహ్వానం ఉందని చెప్పినా. పాట కట్టాలంటే ఈ ఒక్క జీవితం చాలదా? గుర్రాల మీద ఇన్ని పాటలు కట్టినవాళ్ళకు ఈ మనిషి కనిపించకపోవడమే నాకు బాధ.

రికార్డుల రమణ:

మురళి అన్నట్టు కొత్త పాట కట్టండి, నేనే మొదట కొంటాను. పాత పాట జోలికి మాత్రం పోవద్దంటాను. పాడేముందు రెండు నిమిషాలు వాకర్ గురించి చెప్పొచ్చు కదా.

లూయీవిల్ లలిత:

చెప్పి చూశాం రమణ గారూ. పాటకు ముందు మాటలు మొదలవగానే జనం కాఫీకి లేస్తారు. పాటలోపలి పేరే చెవిలో పడుతుంది. పైగా జైలు పాట సంగతి మీరే చెప్పారు. ఆ ఖైదీలు ఐర్లండు మైదానాన్ని మార్చేశారు, తమకు కావలసిన చరణాలు కలుపుకున్నారు. వాళ్ళకున్న హక్కు మాకెందుకు లేదు? కైపర్, వాకర్: రెండూ ఒకే కొలత, బాంజోలో ఒక్క మీటు కూడా మారదు. వచ్చే జులై 4న మేం వాకర్ అనే పాడతాం.

రికార్డుల రమణ:

హక్కు లేదనను. పాడండి. రికార్డు చేస్తే మాత్రం ఎక్కడ మార్చారో, ఎందుకు మార్చారో కవరు మీద రాయండి. మన్రో పాడిన మాట కూడా పక్కనే వేయండి. అంతవరకే నా పట్టు.