‘నేరస్థుల అప్పగింత’లో నేరస్థులు ఎవరు?

బంగ్లాదేశ్ మాజీ ప్రధాని షేక్ హసీనా వార్త వచ్చినప్పుడల్లా పత్రికల్లో ‘నేరస్థుల అప్పగింత ఒప్పందం’ అని కనబడుతోంది. ఆమెను అప్పగించమని బంగ్లాదేశ్ 2024 డిసెంబరులో మనకు దౌత్యలేఖ పంపింది. అప్పటికి ఉన్నవి కేసులే, తీర్పు రాలేదు. ‘నిందితుల అప్పగింత’ అనొచ్చు కదా?

— అనొచ్చు గానీ, శిక్ష పడ్డాక పారిపోయినవాళ్లను కూడా ఈ ఒప్పందాల కిందే అప్పగిస్తారు. ‘నిందితుల’ అంటే వాళ్లు జారిపోతారు. హసీనాకే 2025 నవంబరు 17న ఢాకా ట్రైబ్యునల్ ఆమె లేకుండానే మరణశిక్ష వేసింది. ఇప్పుడేమంటారు?

— తప్పు పత్రికలది కాదండీ. మన 1962 నాటి అప్పగింత చట్టంలోనే ‘ఫ్యుజిటివ్ క్రిమినల్’ అని ఉంది. నిందితుడైనా దోషి అయినా ఆ నిర్వచనం కిందికే వస్తాడు. ‘పరారీ నేరస్థుడు’ అని తెలుగు చేసేసరికి నిర్వచనం ఎగిరిపోయి ముద్ర మిగిలింది.

— నా బాధ ఆ ముద్ర గురించే. గొడవంతా దాని చుట్టూనే కదా! 2013 నాటి భారత్–బంగ్లాదేశ్ ఒప్పందం ఆరో అధికరణం ప్రకారం రాజకీయ స్వభావం ఉన్న నేరమైతే అప్పగించనక్కర్లేదు. హత్య వంటివి ఆ లెక్కలోకి రావని అక్కడే ఒక మెలిక. ఎనిమిదోది చూడండి: న్యాయం కోసం సదుద్దేశంతో చేసిన ఆరోపణ కాదనిపిస్తే నిరాకరించవచ్చు. రెండు దేశాల మధ్య సంబంధాలు చెడినప్పుడు పేచీ పడేది సరిగ్గా ఈ ‘సదుద్దేశం’ దగ్గరే. అది తేలకముందే మన శీర్షిక నేరస్థురాలని తేల్చేస్తోంది.

— పనిలో పని, డిపోర్టేషన్‌ను కూడా అప్పగింత అనేస్తున్నారు, అదీ ఆపాలి. వీసా లేనివాణ్ణి విమానం ఎక్కించి పంపెయ్యడం వేరు. అప్పగింతకు అడిగే దేశం ఉండాలి, ఇచ్చే దేశం ఉండాలి, షరతులుంటాయి. ముంబయి పేలుళ్ల కేసులోని అబూ సలేంను 2005లో పోర్చుగల్ మనకు ఇచ్చింది. అతనికి ఉరి వెయ్యం, పాతికేళ్లకు మించి జైల్లో ఉంచం అని అంతకుముందే మనవాళ్లు ఆ దేశానికి మాటిచ్చారు. ఆ మాటకు కట్టుబడాల్సిందేనని 2022లో సుప్రీంకోర్టు కూడా అంది.

— ‘పరారీలో ఉన్నవారి అప్పగింత’ అంటే రెండు రకాలవాళ్లూ వస్తారు కదా?

— పరారీ అన్నా పేచీయే! హసీనా మన దేశానికి వచ్చింది బంగ్లాదేశ్ వైమానిక దళం విమానంలోనే.

— అయితే ఉత్త ‘అప్పగింత ఒప్పందం’ చాలు. ఎవర్ని అన్నది వార్తలో ఎలాగూ రాస్తారు.