అప్‌డేట్: ప్రిన్సిపాల్ నియామకంపై నా రిట్ పిటిషన్ ఇప్పుడు ఏ దశలో ఉందంటే

మా ఎయిడెడ్ డిగ్రీ కళాశాలలో సీనియర్‌నైన నన్ను కాదని జూనియర్‌ను ప్రిన్సిపాల్‌గా నియమించడం చెల్లుతుందా అని గతంలో అడిగాను. సీనియారిటీ వాదన నిలవదని న్యాయవాది మొదటి రోజే చెప్పారు. కేరళ విశ్వవిద్యాలయ చట్టంలోని 57(3) సెక్షన్ లాగా తగిన యోగ్యత ఉంటే సీనియర్‌కే పదోన్నతి ఇవ్వాలనే చట్టాలు కొన్ని ఉన్నా, అది సైతం మైనారిటీ యాజమాన్యాలకు వర్తించదని మలంకర సిరియన్ కాథలిక్ కళాశాల కేసులో సుప్రీంకోర్టు 2006లో తేల్చింది. మాకు వర్తించే 2018 యూజీసీ (విశ్వవిద్యాలయ నిధుల సంఘం) నిబంధనలైతే పీహెచ్‌డీ, 15 ఏళ్ల అనుభవం, 10 పరిశోధన పత్రాలు, 110 రీసెర్చ్ స్కోరు (పరిశోధనకు ఇచ్చే పాయింట్లు) అడుగుతాయే తప్ప సీనియారిటీని కాదు.

అసలు బలం కోరంలో, అంటే సమావేశానికి ఉండాల్సిన కనీస హాజరులో దొరికింది. ఎంపిక కమిటీలో ఇద్దరు నిపుణులతో కలిపి కనీసం అయిదుగురు హాజరు కావాలి. సమాచార హక్కు కింద తెచ్చుకున్న కమిటీ సమావేశపు మినిట్స్ (నమోదు పత్రం) చివరి పేజీలో నాలుగే సంతకాలున్నాయి, అయిదో పేరు ఎదుట గడి ఖాళీగా ఉంది. ఇన్నేళ్లు పాఠాలు చెప్పిన చోట ఆ ఖాళీ గడి చూసి చాలా బాధపడ్డాను.

హైకోర్టు స్టే ఇవ్వలేదు గానీ, నియామకం తుది తీర్పుకు లోబడి ఉంటుందని ఉత్తర్వు ఇచ్చి, కౌంటరుకు (ప్రతివాదుల రాతపూర్వక జవాబుకు) నాలుగు వారాల గడువిచ్చింది. ఎంపికైన వ్యక్తిని కూడా ప్రతివాదిగా చేర్చమన్నవారికి మనసారా కృతజ్ఞతలు. అలా చేర్చకపోతే పిటిషన్ ఆ ఒక్క లోపంతోనే వీగిపోయే ప్రమాదం ఉండేది.