కేక్ మిక్స్‌తో మామిడిపండు కాబ్లర్ (పండ్ల మీద పిండి పరిచి బేక్ చేసే స్వీట్) కుదురుతుందా?

నూజివీడు నుంచి బంగినపల్లి పళ్లు బుట్టెడు వచ్చాయండి, ఆదివారం ఇంటికి చుట్టాలొస్తున్నారు. వెనీలా కేక్ మిక్స్‌ను పొడిగానే పండ్ల మీద చల్లి బేక్ చేస్తే చాలంటున్నారు, నిజమేనా? ఓటీజీ (చిన్న కరెంటు ఓవెన్) ఉంది. మా అత్తగారు గుడ్డు తినరు, అదొక టెన్షన్.
– పటమట, విజయవాడ

నిజమేనండి, గుడ్డు అక్కర్లేదు. ప్యాకెట్ మీద ఎగ్‌లెస్ అని, పచ్చ చుక్క ఉందో లేదో మాత్రం చూసుకోండి. అరకిలోకి పైగా ముక్కలు గిన్నెలో పరిచి, పావుకిలో మిక్స్ సమంగా చల్లి, 80 గ్రాముల వెన్న కరిగించి, పొడి ఎక్కడా తెల్లగా మిగలకుండా పోయండి. అస్సలు కలపొద్దు, కింది నుంచి పండు రసం, పైనుంచి వెన్న వాటంతటవే పిండిని తడుపుతాయి. 180 డిగ్రీల్లో 40 నిమిషాలు, అంచుల దగ్గర రసం బుడబుడమంటూ పైన ఎర్రగా వేగితే అయినట్టే.

గుంటూరు నుంచి నాదొక మాట. చిన్నరసాలు వాడకండి, నీరెక్కువై అడుగంతా జావైపోతుంది. కాస్త గట్టిగా ఉన్న బంగినపల్లే మేలు. పంచదార వేయకండి, మిక్స్‌లోనే బోలెడుంటుంది, అరచెక్క నిమ్మరసం పిండితే చాలు.

థాంక్సండీ ఇద్దరికీ. వేడిగానే పెట్టాలా?

పావుగంట ఆగండి, రసం చిక్కబడుతుంది. పక్కన వెనీలా ఐస్‌క్రీమ్ పెట్టండి.