కీ లాక్ బాక్స్ కోడ్ మార్చాక తెరుచుకోవట్లేదు, ఎవరైనా వాడుతున్నారా?

గోదారి_పిల్ల:
అందరికీ నమస్తే అండి. అమ్మా నాన్నా రాజమండ్రిలో ఇండిపెండెంట్ ఇంట్లో ఇద్దరే ఉంటారు, నేనేమో బెంగళూరులో. నాన్నకి మోకాలి ఆపరేషన్ అయ్యింది కాబట్టి లేచి తలుపు తీయలేరు, అమ్మకి బెల్లు సరిగ్గా వినపడదు, పొద్దున్నే వచ్చే అటెండెంట్ అమ్మాయి గుమ్మంలో నిలబడి నాకు ఫోన్ చేస్తుంది, నేను ఇక్కణ్ణించి అమ్మకి చేస్తా, అమ్మ ఫోన్ ఎక్కడో పెట్టి మర్చిపోతుంది, రోజూ ఇదే భాగోతం. అందుకే ఆన్‌లైన్‌లో గోడకి బిగించే కీ లాక్ బాక్స్ ఒకటి తెప్పించా, ఇంటి తాళంచెవి లోపల పెడితే కోడ్ తెలిసినవాళ్ళు తీసుకునే డబ్బా, నాలుగు నంబర్ చక్రాలుండేది. వచ్చినప్పుడు 0000 పెట్టి బయట లివర్ కిందికి లాగితే హాయిగా తెరుచుకుంది. లోపల చిన్న లివర్ జరిపి కొత్త కోడ్ పెట్టి మూసేశా, ఇప్పుడు కొత్త కోడూ పనిచేయట్లేదు, 0000 కూడా పనిచేయట్లేదు. ఇంకా గోడకి బిగించలేదు, తాళంచెవి లోపల పెట్టలేదు, అదొక్కటే నయం. ఏం చేయాలి? ఇంకోటి, నాన్న అయితే "ఇంటి తాళం తీసుకెళ్ళి వీధిలో పెడతావా" అని గొడవ. నిజంగా సేఫేనా ఇది?

తాళాల_అన్న_సికింద్రాబాద్:
ఫికర్ చేయకు చెల్లె, తెరుచుకుంటది. ఆ లివర్ పూర్తిగా ఒక పక్కకి పోకుండనే నువ్వు నంబర్లు తిప్పినవ్, లేకపోతే నంబర్లు పెట్టినంక లివర్ వెనక్కి పూర్తిగా రాలే. అట్లయినప్పుడు ఒకటో రెండో చక్రాలు ఒక అంకె అటో ఇటో జరిగి ఫిక్స్ అయితయి. నువ్వు పెట్టింది 4729 అనుకో, ఫస్ట్ 3729, 5729 చూడు, తర్వాత 4629, 4829, ఇట్ల ఒక్కో చక్రం ఒక్కో అంకె జరిపి చూడు. అట్ల కూడా కాకపోతే రెండు చక్రాలు కలిపి జరుపు. ఇంకొకటి, తెరిచేటప్పుడు ఎడమ చేత్తో మూతని లోపలికి గట్టిగ అదిమి పట్టి అప్పుడు బయట తెరిచే లివర్ కిందికి లాగు. మూత లోపల్నుంచి తోసుకుంటుంటే కోడ్ కరెక్ట్ ఉన్నా కొక్కెం వదలదు. పెద్ద తాళాల గుత్తి కుక్కినా ఇదే పంచాయితీ, కీచైన్లు బొమ్మలు తీసేసి ఉత్త చెవులు పెట్టాలె. అంకెలు కూడా సుమారుగ ఉంటే నడవదు, పక్కన గీతకి సూటిగ రావాలె.

తెరుచుకున్నంక కోడ్ మార్చే తరీఖా ఇది. మూత తెరిచి ఉండంగనే, వెనకాల లివర్ పక్కన ఏ, బీ అని గుర్తులుంటయి చాలా వాటిల్ల. ఏ నుంచి బీ కి ఆగేదాక జరుపు, నంబర్లు పెట్టు, మళ్ళ ఏ కి ఆగేదాక తీసుకురా. సూట్‌కేస్ నంబర్ లాక్ ఎట్లనో ఇది గట్లనే. గానీ మూసే ముందు ఒక పని చెయ్యి, దీన్ని ఎవ్వరూ చెయ్యరు: మూత తెరిచే ఉంచి చక్రాలు గిరగిర తిప్పి, బయట తెరిచే లివర్ లాగి చూడు, కొక్కెం కదలొద్దు. మళ్ళ నీ కోడ్ పెట్టి లాగు, కదలాలె. నాలుగైదు సార్లు అట్ల అయినంకనే మూయి. కోడ్ మర్చిపోతే కంపెనీవాడు కూడ చెప్పలేడు, ఎందుకంటే నువ్వు పెట్టుకున్న నంబర్ వాని దగ్గర ఉండదు.

లీడ్స్_కేరర్:
నేను ఇంగ్లాండ్‌లో కేరర్‌గా చేస్తున్నా అక్కా, ఇక్కడ ఒంటరిగా ఉండే పెద్దవాళ్ళ ఇళ్ళకి వెళ్ళినప్పుడు ఈ డబ్బా తియ్యడంతోనే మా పని మొదలు, కీ సేఫ్ అంటారు. ఇక్కడ ఎక్కువగా చక్రాలవి కాదు, బటన్లవి. రబ్బర్ మూత పైకెత్తి, ముందు సీ అనే బటన్ కిందకి లాగి పాత నొక్కులు చెరిపెయ్యాలి, తర్వాత అంకెలు నొక్కి నాబ్ తిప్పాలి. సీ సంగతి తెలియక కొత్తగా వచ్చినవాళ్ళు చలిలో ఊరికే నొక్కుతూ నిలబడతారు. వీటిలో ఒక తిరకాసు ఉంది, ఏ వరసలో నొక్కినా ఒకటే, 1358 అన్నా 8531 అన్నా తెరుచుకుంటుంది, ఒకే అంకె రెండుసార్లు వాడలేం. అంటే పది బటన్లున్న దాంట్లో నాలుగంకెల కోడ్‌లు మొత్తం కలిపి 210 మాత్రమే. మీ చక్రాల దాంట్లో అయితే 10,000. కానీ గట్టితనం వేరే సంగతి, ఇక్కడ పోలీసుల సెక్యూర్డ్ బై డిజైన్ గుర్తింపు ఉన్నవి దొరుకుతాయి, సుప్రా సి500 లాంటివి, అవి కాస్త ఖరీదే. చవకరకం చక్రాల డబ్బాలని చేతితో తడిమి కోడ్ పట్టేసేవాళ్ళు ఉన్నారు కాబట్టి మీ నాన్నగారి భయం ఉత్తిది కాదు.

మాకు నేర్పిన అలవాట్లు చెప్తా. తెరిచేటప్పుడు ఒళ్ళు అడ్డం పెట్టి తియ్యాలి. తాళంచెవి తీశాక డబ్బా వెంటనే మూసి చక్రాలు తిప్పెయ్యాలి, లోపలికి వెళ్ళి వచ్చేదాకా కోడ్ అలాగే కనపడుతూ ఉండకూడదు. వెళ్ళేటప్పుడు చెవి పెట్టి మూసి, ఒకసారి లాగి చూసుకోవాలి. అడ్రసూ కోడూ ఒకే మెసేజ్‌లో పంపొద్దు. అటెండెంట్ మారితే ఆ రోజే కోడ్ మార్చెయ్యండి, ఆవిడ మీద అనుమానం అని కాదు, పద్ధతి అంతే. ఇంటి నంబరు, పుట్టిన సంవత్సరం అస్సలు వద్దు.

తాళాల_అన్న_సికింద్రాబాద్:
లీడ్స్ చెల్లె కరెక్ట్ చెప్పింది. గానీ అసలు సంగతి ఎవ్వరు అడుగుతలేరు. రాత్రి పండేటప్పుడు మీ అమ్మగారు తలుపుకి లోపల్నుంచి గడియ పెడ్తరు కదా? పైన ఒకటి, కింద ఒకటి? గ్రిల్‌కి లోపల్నుంచి తాళంకప్ప వేస్తరా? అట్లయితే బయట డబ్బాల ఎన్ని చెవులు పెట్టినా ఫాయిదా లేదు, పొద్దున ఆ పిల్ల మళ్ళ గుమ్మంలనే నిలబడ్తది. మన ఇండ్లల్ల ఈ బాక్స్ ఫెయిల్ అయ్యేది ఇక్కడనే. తలుపుకి నైట్ ల్యాచ్ పెట్టించు, లోపల నాబ్ తిప్పితే తెరుచుకుంటది, బయట చెవితోని తెరుచుకుంటది. గడియలు తీసేయించు, ఉంటే అలవాటు కొద్ది వేస్తనే ఉంటరు. కొన్ని నైట్ ల్యాచ్‌లకి లోపల చిన్న బటన్ ఉంటది, అది వేస్తే బయట చెవి పనిచెయ్యదు, అది లేనిది చూసి తీసుకో. గ్రిల్‌కి బయట నుంచి కూడ చెయ్యి అందే తాళం ఉండాలె, దాని చెవి కూడ డబ్బాలనే పెట్టు.

బిగించేది గేటుకి కాదు, గ్రిల్‌కి కాదు. రోడ్డు మీదికి కనపడని పక్కగోడకి, సజ్జ కింద, ఛాతి ఎత్తుల. ప్లాస్టర్ మీద పైపైన పెడితే ఒక్క రాడ్ పెట్టి పీకుతరు, ఇటుక లోపలిదాక డ్రిల్ చేసి ఫిషర్ ప్లగ్గులు దింపాలె. స్క్రూలు డబ్బా లోపల్నుంచే పోతయి కాబట్టి మూసి ఉన్నప్పుడు బయటినుంచి ఇప్పరాదు. నూనె మాత్రం పోయకు, దుమ్ము పట్టి చక్రాలు జామ్ అయితయి, గ్రాఫైట్ పొడి కొంచెం చాలు.

పక్కింటాయన:
పక్కింట్లో నమ్మకమైనవాళ్ళకి ఒక తాళంచెవి ఇస్తే పోయేదానికి ఇంత తతంగం ఎందుకమ్మా?

గోదారి_పిల్ల:
@పక్కింటాయన ఇచ్చాం బాబాయ్ గారూ, వాళ్ళు సంక్రాంతికి ఊరెళ్ళిపోయారు, చెవి కూడా వాళ్ళతోనే వెళ్ళింది. అయినా కోడ్ వాళ్ళకీ చెప్పి ఉంచుతాను, రాత్రిపూట 108 వాళ్ళు వస్తే తలుపు తీయడానికి ఎవరో ఒకరు ఉండాలి కదా.

@తాళాల_అన్న తెరుచుకుంది అన్నా!! మూడో చక్రం ఒక అంకె జరిగి ఉంది, మూత అదిమి లాగితే టక్కుమని వచ్చేసింది. మూత తెరిచే ఉంచి మళ్ళీ కోడ్ పెట్టా, మీరు చెప్పినట్టు చెక్ చేశా. అమ్మని అడిగితే రెండు గడియలూ, గ్రిల్‌కి లోపల తాళంకప్పా, పైగా తలుపుకి కుర్చీ ఆనించి పడుకుంటుందట. కుర్చీ సంగతి నేను చూసుకుంటా. పాత టేకు తలుపు, బాగా మందం, దానికి నైట్ ల్యాచ్ పడుతుందా?

తాళాల_అన్న_సికింద్రాబాద్:
పడుతది. కొనే ముందు తలుపు మందం టేపు పెట్టి కొలిచి షాపోనికి చెప్పు, మందం ఎక్కువుంటే పొడుగు సిలిండర్, అంటే చెవి దూరే గొట్టం, అడగాలె. తలుపు లోపలికి తెరుచుకుంటదా బయటికా అది కూడ చెప్పు, లేకపోతే తప్పుది అంటగడ్తరు.