బడ్డీ హాలీలాగా పెద్ద ఊరికి పోకుండానే పాటలు చేయొచ్చా?

ఆదోని_గిటార్:
మేము నలుగురం, పెళ్లిళ్లకూ వినాయక చవితి పందిళ్లకూ సినిమా పాటలు వాయిస్తాం. నేను సొంతంగా కూడా రాస్తుంటాను. రికార్డు చేయాలంటే హైదరాబాద్ పోవాలి, అక్కడ గంట లెక్కన డబ్బు, గడియారం చూసుకుంటూ పాడితే టెన్షన్‌కి గొంతే లేవదు. ఈమధ్య బడ్డీ హాలీ అని 1950ల నాటి అమెరికా రాక్ గాయకుడి పాటలు వదలకుండా వింటున్నా. ఆయనది టెక్సస్‌లో లబ్బక్, మాలాగే పత్తి పండే ప్రాంతం. 22 ఏళ్లకే పోయిన మనిషి అంత పని ఎట్లా చేశాడు? పెద్ద ఊరికి పోయినాకనేనా?

కడప_రికార్డులు:
కాదు తమ్ముడూ, పెద్ద ఊర్లో ఆయనకు కలిసిరాలేదు. 1956లో డెక్కా అనే రికార్డు కంపెనీ నాష్‌విల్ అనే పెద్ద ఊరికి పిలిచింది, పాట ఎట్లా ఉండాలో అంతా వాళ్ల ఇష్టమే. రికార్డులు అమ్ముడుపోలేదు, ఒప్పందం పొడిగించలేదు. అక్కడ పాడిన 'దటిల్ బి ద డే'ని కంపెనీ పక్కన పడేసింది. 1957 ఫిబ్రవరిలో అదే పాటను న్యూ మెక్సికోలోని క్లోవిస్ అనే చిన్న ఊర్లో, నార్మన్ పెట్టీ స్టూడియోలో తన బ్యాండుతో మళ్లీ చేశాడు. పెట్టీ గంటకు కాదు, పాటకు ఇంత అని తీసుకునేవాడు, అందుకే కుదిరిందాకా వాయించగలిగారు. పాత ఒప్పందం అడ్డం రాకుండా రికార్డు మీద 'క్రికెట్స్' అని బ్యాండు పేరు వేశారు. సెప్టెంబరుకు అమెరికాలో నంబర్ వన్! నా మటుకు ఆయన గొప్పతనమంతా క్లోవిస్‌లోనే ఉంది.

అనంతపురం_డ్రమ్స్:
హాలీ పాట 'ఎవ్రీడే' హెడ్‌ఫోన్స్ పెట్టుకుని వినండి. అందులో డ్రమ్స్ లేవు, క్రికెట్స్ డ్రమ్మర్ జెర్రీ అలిసన్ తన తొడల మీద చరిచిన తాళమే. ఖరీదైన సామాన్ల కోసం ఆగొద్దు బ్రో.

కర్నూలు_శ్రోత:
డబ్బు సంగతి కూడా తెలుసుకో. పెట్టీ హాలీ బ్యాండుకు మేనేజర్ కూడా, చాలా పాటలకు రచయితగా తన పేరూ వేయించుకున్నాడు. 1958 చివర్లో హాలీ ఆయన్ను వదిలి బయటికొచ్చాడు, రావాల్సిన డబ్బు చేతికి రాలేదు, అప్పటికి పెళ్లై ఆరు నెలలు కూడా కాలేదు. అందుకే గడ్డకట్టే చలిలో ఊరూరా తిరిగి పాడే టూరు ఒకటి ఒప్పుకున్నాడు. బస్సులో హీటర్ పనిచేయక చిన్న విమానం మాట్లాడుకున్నారు, 1959 ఫిబ్రవరి 3న అయోవాలో అది కూలి ఆయన పోయాడు. ఈ భాగం చదివినప్పుడల్లా నాకు కడుపు తరుక్కుపోతుంది. పాట ఎవరిదో రికార్డింగుకు ముందే కాగితం మీద రాసి అందరూ సంతకాలు పెట్టుకోండి.

ఆదోని_గిటార్:
ఈ రాత్రికే మావాళ్లతో మాట్లాడతా అన్నా. ఒక పాటకు మాటలు నావి, పల్లవి వరస మా డ్రమ్మర్ కట్టాడు. వాడి పేరు కూడా వేయాలా?

కర్నూలు_శ్రోత:
కచ్చితంగా వేయాలి. హాలీ పాడిన 'పెగ్గీ స్యూ' పాట మీద రచయితలుగా మొదట అలిసన్, పెట్టీల పేర్లే ఉండేవి, హాలీ పేరు లేదు. ఆయన పోయినాక అలిసనే పట్టుబట్టి చేర్పించాడు. మీరు అందాకా తెచ్చుకోవద్దు.